రజియాని గంగూలీ తియ్యలేదు

మా గల్లీ మొగదల ఒక రాయి పాతాలని కుర్రాళ్ళు చందాలు పోగేశారు. దాని మీద చెక్కించాల్సిన మాటలు కాగితం మీద రాసుకొచ్చి, తెలుగు దిద్దిపెట్టమని నా చేతికిచ్చారు. "హైదరాబాదులో మొట్టమొదట లోటస్ ఫిల్మ్ కంపెనీ పెట్టి, రజియా బేగం చిత్రం తీసి, నిజాం ఆగ్రహానికి గురైన ధీరేన్ గంగూలీ స్మారకం" అని ఉంది. తెలుగులో తప్పుల్లేవు. తప్పంతా "తీసి" అన్న రెండక్షరాల్లో ఉంది.

రజియా బేగం బొంబాయిలో తయారైన సినిమా. గంగూలీ దాన్ని 1924లో ఇక్కడ ఆడించాడు, అంతే. ఈ మాట చెబితే వాళ్ళలో ఒకడు, "తాతా, తీసిండంటే జనం ఆగి సదువుతరు. ఆడించిండంటే ఎవడు ఆగుతడు?" అన్నాడు. వాణ్ణి అని లాభం లేదు. మనవాళ్ళు రాసిన వ్యాసాల్లోనూ ఇదే వరస. ఒకరు రాసింది ఇంకొకరు ఎత్తి రాసుకున్నారు, ఆఖరికి అది రాతిదాకా వచ్చింది.

ఇంతకీ ఆయన ఇక్కడ తీసినవి ఏమిటి? 1922, 1923 సంవత్సరాల్లో లోటస్ పేరు మీద వచ్చినవి చూడండి: హర గౌరి, ఇంద్రజిత్, లేడీ టీచర్, విమాత, చింతామణి, యయాతి, మ్యారేజ్ టానిక్. ఇవన్నీ మూకీలే. సగం పురాణం, సగం హాస్యం. ఈ వరసలో రజియా ఎక్కడా లేదు. చింతామణి అనగానే మనకి కాళ్ళకూరి నారాయణరావు గారి నాటకం, సుబ్బిశెట్టి గుర్తుకొస్తారు. ఆ పేరుతో మన ఊళ్ళో ఒక మూకీ తయారైందని ఈ పేటలో ఎంతమందికి తెలుసు? ఆడించిన ఒక్క సినిమాని నెత్తికెత్తుకుని, తీసిన ఏడింటినీ మరిచిపోయాం. నా కోపమంతా అదే.

మనిషి సంగతి కొంచెం చెప్పాలి. 1893లో కలకత్తాలో పుట్టాడు, శాంతినికేతనంలో చదివాడు. బొమ్మలు వేసే చెయ్యి. మన హైదరాబాదుకి మొదట చిత్రకళ నేర్పే పంతులుగానే వచ్చాడు. 1915లో 'భావేర్ అభివ్యక్తి' అని ఒక ఫొటోల పుస్తకం వేశాడు. అందులో ముసలివాడు, కుర్రవాడు, ఆడమనిషి, ఎవరి ముఖం చూసినా అది ఆయనదే. వేషం మార్చి, కనుబొమ మార్చి, తన ముఖాన్నే పదిమందికి పంచిపెట్టాడు. ఆ పుస్తకం చూసి కలకత్తా పోలీసులు డిటెక్టివులకు మారువేషాలు నేర్పమని ఆయన్ని పిలిచారని కూడా చెబుతారు. అమెరికాలో బ్లాక్‌టన్ అనే ఆయన, పత్రికలకి బొమ్మలు వేస్తూ సినిమాల్లోకి వచ్చినవాడు, 1906లో నల్లబల్ల మీద సుద్దముక్కతో ముఖాలు గీసి వాటి చేత కళ్ళు తిప్పించాడు. నవ్వించే బొమ్మల సినిమాల్లో అది అక్కడ తొలివాటిలో ఒకటి. మన గంగూలీకి సుద్దముక్కా అక్కర్లేకపోయింది. తన ముఖమే పలక.

తర్వాత మదన్ థియేటర్స్‌లో పనిచేసిన నీతీశ్ లాహిరీతో కలిసి ఇండో బ్రిటిష్ ఫిల్మ్ కంపెనీ పెట్టాడు. 1921లో వచ్చిన 'బిలాత్ ఫెరత్', అంటే సీమ నుంచి తిరిగొచ్చినవాడు, కథ ఆయనదే, వేషమూ ఆయనదే. లండన్ వెళ్ళొచ్చి సొంత ఇంట్లో పరాయివాడైపోయిన బాబుగారి మీద ఎగతాళి. ఆ మరుసటి ఏడే మన ఊళ్ళో లోటస్. నిజాం ఉస్మాన్ అలీ ఖాన్ అండతో స్టూడియో వచ్చింది, రెండు సినిమా హాళ్ళూ వచ్చాయి.

హాళ్ళ మాట వచ్చింది కాబట్టి ఇంకో తగువు ఇక్కడే తీర్చేస్తాను. ఆబిడ్స్ వాళ్ళకి నాంపల్లి వాళ్ళ మీద ఎప్పుడూ ఒక చెయ్యి పైనే ఉండాలి. ఇరానీ హోటల్లో కూర్చుంటే చాలు, "గంగూలీ హాలు మా ప్యాలెస్ టాకీసే" అని మొదలుపెడతారు. ఆరో నిజాం దగ్గర కొలువు చేసిన ఆల్బర్ట్ ఆబిద్ కొట్టు పెట్టుకున్న చోటే తర్వాత ప్యాలెస్ టాకీసు లేచిందని పెద్దలు చెబుతారు, దాన్ని నేను కాదనను. కానీ బోర్డు చదవండి నాయనా! టాకీసు అని ఉంది. మాట్లాడే బొమ్మ మన దేశంలో మొదలైందే 1931 మార్చిలో, ఆలం ఆరాతో. మూకీల మనిషికి టాకీసు కట్టబెట్టాలంటే బోర్డు మార్చారనైనా రుజువు చూపాలి. అది చూపకుండా చాయ్ మీద చాయ్ తాగితే చరిత్ర అయిపోదు. ఇప్పుడు ప్యాలెసూ లేదు, జమ్రూద్ మహలూ లేదు, సాగర్ టాకీసూ లేదు. లేని గోడలకి వాదించేవాళ్ళు మాత్రం పెరిగారు.

నాంపల్లికి ఉన్న అసలు బెంగాలీ సంబంధం స్టేషన్ రోడ్డు మీదే ఉంది. గోల్డెన్ త్రెషోల్డ్ ముందు నుంచి రోజూ వెళ్ళేవాళ్ళే అటు తలెత్తి చూడరు. నిజాం కాలేజీకి తొలి ప్రిన్సిపాలైన అఘోరనాథ్ చట్టోపాధ్యాయ ఇల్లది. చాందా రైల్వే ఒప్పందం గుట్టుగా కానిచ్చేస్తున్నారని గొడవ చేసినందుకు 1883లో సర్కారు ఆయన్ని ఊరు దాటించింది. తర్వాత మళ్ళీ పిలిపించుకుంది. ఆయన కూతురు సరోజినీ నాయుడు అందరికీ తెలుసు. కొడుకు హరీంద్రనాథ్ ఈ ఊళ్ళోనే 1898లో పుట్టి, సత్యజిత్ రాయ్ 'గూపీ గాయెన్ బాఘా బాయెన్'లో మాంత్రికుడి వేషం వేసి పిల్లల్ని నవ్వించాడు. గంగూలీకి ముందు నలభై ఏళ్ళనాడే ఒక బెంగాలీని పంపేసిన ఊరు మనది. తేడా ఒక్కటే: అఘోరనాథ్‌ని వెనక్కి రమ్మన్నారు, గంగూలీని రమ్మనలేదు.

గంగూలీని ఎందుకు పొమ్మన్నారు? రజియా బేగంలో ముస్లిం రాణి తన కింద పనిచేసే హిందువుని ప్రేమిస్తుంది, అది చూసి నిజాం మండిపడ్డాడు, అని రాస్తారు. నిజమే. కానీ అంతటితో పుస్తకం మూసేసి "మతం" అని తీర్పు చెప్పేవాళ్ళతో నాకు పేచీ ఉంది. అదే ప్రభువు ఏలుబడిలో, ఆయన అండతోనే కదా రెండేళ్ళ ముందు హర గౌరి, ఇంద్రజిత్ తీసుకున్నాడు? అప్పుడు లేని అభ్యంతరం ఇప్పుడెలా పుట్టింది? చరిత్రలో ఢిల్లీ ఏలిన రజియా మీద వచ్చిన అపవాదు హిందువు గురించి కానే కాదు. ఆమె గుర్రపుశాలల అధికారిగా పెట్టుకున్న యాకూత్ హబ్షీ. హబ్షీలంటే ఎవరో మనకి ఎవరూ చెప్పక్కర్లేదు, ఏ.సి. గార్డ్స్ పేరులోని మొదటి అక్షరం వాళ్ళదే, ఆఫ్రికన్ కావల్రీ. రజియా 1236 నుంచి నాలుగేళ్ళు ఏలింది, అమీర్లు తిరగబడి దించేశారు. సింహాసనం మీది మనిషి కొలువులోని మనిషిని వలచడం, కొలువు తిరగబడటం, ఈ కథ కింగ్ కోఠీలో కూర్చున్న ఏ ప్రభువుకి రుచిస్తుంది? మతం పుల్ల అయితే, గద్దె భయం గడ్డి. నా లెక్క ఇది, కాదన్నవాళ్ళు రుజువులతో రండి.

ఇక మద్రాసు నుంచి సినిమా చరిత్ర రాసిన పెద్దలు. రఘుపతి వెంకయ్య గారికి దండం పెట్టే మొదలుపెడతాను, ఆయన స్థానం ఆయనదే. భక్త ప్రహ్లాద విడుదలైంది 1931లోనా, 1932 ఫిబ్రవరి 6ననా అని ఏళ్ళ తరబడి కాగితాలు తిరగేసినవాళ్ళు, హైదరాబాదు దగ్గరికొచ్చేసరికి సారథీ స్టూడియోతో ఎత్తుకుంటారు. గంగూలీ తెలుగువాడు కాదంటారు. కాదు. ఆయన బొమ్మలు తెలుగు మాట్లాడలేదంటారు. ఏ భాషా మాట్లాడలేదు! మూకీకి భాష అడిగినవాళ్ళని ఏమనాలి?

ఇక్కణ్ణుంచి వెళ్ళాక ఆయన కలకత్తాలో 1929లో బ్రిటిష్ డొమినియన్ ఫిల్మ్స్ పెట్టాడు. దేవకీ బోస్ అక్కడే కుదురుకున్నాడు. మాటల సినిమా వచ్చి ఆ కంపెనీని మింగేసింది. అయినా నవ్వించడం మానలేదు. 'ఎక్స్‌క్యూజ్ మీ సర్' ఆ తర్వాతిదే. 1974 ఫాల్కే అవార్డు మన బి.ఎన్. రెడ్డికి, 1975ది ఈయనకి. 1978లో పోయాడు. ఇక ఆ కాలపు మూకీల సంగతి: మన దేశంలో వెయ్యికి పైగా తయారైతే మిగిలినవి వేళ్ళ మీద లెక్కపెట్టొచ్చు. వెండి కోసం కరిగించుకున్నవి కొన్ని, నైట్రేటు ఫిల్ము తనంతట తానే అంటుకుని పోయినవి కొన్ని.

కుర్రాళ్ళకి కాగితం తిరగరాసిచ్చాను. "తీసి" కొట్టేసి "ఆడించి" పెట్టాను, పైన ఏడు సినిమాల పేర్లూ చేర్చాను. చెక్కేవాడు అక్షరానికింత అని లెక్క కట్టి, చందా సరిపోదన్నాడట. పురాణం సినిమాలు ఉంచుకుని మ్యారేజ్ టానిక్ తీసేద్దాం, పేరు బాగాలేదు అన్నారు. తీసేస్తే నా చందా వెనక్కిచ్చెయ్యమన్నాను. రాయి ఇంకా చెక్కేవాడి దుకాణం ముందు ఎండలో ఉంది.