కళ్ళెం ఎరుగని రౌతు

గుర్రం అనగానే జీనూ, కళ్ళెమూ దానితోపాటే పుట్టాయన్నట్టు మన కళ్ళముందు మెదులుతాయి. కానీ సుమారు 2,200 ఏళ్ళక్రితం ఉత్తర ఆఫ్రికాలో - అంటే ఇప్పటి అల్జీరియా, ట్యునీషియా ప్రాంతాల్లో - నుమీడియన్లకి ఇవేవీ అక్కర్లేదు. పొట్టి గుర్రం, దాని మెడచుట్టూ ఓ తాడు, చేతిలో చిన్న కర్ర. అంతే! వట్టి వీపుమీద కూర్చుని గాలిలా వచ్చి ఈటె విసిరి, శత్రువు తేరుకునేలోగా మాయమయ్యేవారు. క్రీ.పూ. 216లో కానే దగ్గర హానిబాల్ రోమన్లని చిత్తుచేసినప్పుడు ఈ రౌతులు అతని పక్షాన ఉన్నారు.

వాళ్ళలో ఒక తెగ రాజు మాసినిస్సా. మొదట కార్తేజి కోసం పోరాడినవాడే, తర్వాత రోముతో చేతులు కలిపాడు. క్రీ.పూ. 203లో పక్క నుమీడియా రాజు సైఫాక్స్ ఓడిపోయి బందీ అయ్యాడు. మాసినిస్సా అతని నగరంలో అడుగుపెట్టేసరికి సైఫాక్స్ భార్య సోఫోనిస్బా ఎదురొచ్చింది. కార్తేజి సేనాని కూతురు. ఆవిడ కోరింది ఒక్కటే - తనని రోమన్ల చేతికి అప్పగించవద్దని. సరేనన్నాడు. ఆ రోజే పెళ్ళి కూడా చేసుకున్నాడు!

రోమన్ సేనాని సిపియో ఊరుకుంటాడా? ఆమె రోముకి చెందిన బందీ అన్నాడు. మాసినిస్సా గుడారంలో ఒంటరిగా కూర్చుని దుఃఖించాడట. దుఃఖించి ఏం చేశాడనుకున్నారు? కొత్త పెళ్ళికూతురికి విషపాత్ర పంపించాడు. ఇచ్చిన మాట నిలబెట్టుకోడానికి ఆ మహావీరుడికి అంతకంటే దారి దొరకలేదు మరి! ఆవిడ తొణక్కుండా తాగేసిందని రోమన్ చరిత్రకారుడు లివీ రాశాడు. మర్నాడే సిపియో అందరిముందూ మాసినిస్సాని రాజా అని పిలిచి బంగారు కిరీటం బహూకరించాడట.

మరుసటేడు జామా యుద్ధంలో మాసినిస్సా 4,000 మంది రౌతులతో సిపియోకి తోడువచ్చాడు. రోమన్ అశ్వదళంతో కలిసి వెనకనుంచి విరుచుకుపడేసరికి హానిబాల్ ఓడిపోయాడు.

మాసినిస్సా తొంభై ఏళ్ళదాకా బతికాడు. 88వ ఏట కూడా జీను లేకుండానే గుర్రమెక్కి యుద్ధం నడిపాడని గ్రీకు చరిత్రకారుడు అపియన్ మెచ్చుకున్నాడు. మెచ్చుకోవలసిందే. నోరులేని జంతువుని నమ్మి కళ్ళెం అక్కర్లేదన్నవాడు, తన పగ్గాలు మాత్రం సిపియో చేతిలో పెట్టాడు. అవి ఒక్కసారి బిగిస్తే ప్రాణం పోయింది గుర్రానికీ కాదు, రౌతుకీ కాదు - అతణ్ణి నమ్ముకున్న ఆడదానికి.