లేత మనసుల పుట్టిల్లు

మొన్న ఆదివారం టీవీలో 'లేత మనసులు' వస్తుంటే మా అమ్మాయి "ఇది ఇంగ్లీషు సినిమాకి కాపీ కదమ్మా?" అంది. కాదనలేను. 1966 నాటి మన సినిమాకి ముందు ఏవీఎం వాళ్లదే తమిళంలో 'కుళందయుం దైవముం' ఉంది, దానికి ముందు 1961లో డిస్నీ తీసిన 'పేరెంట్ ట్రాప్' ఉంది. కానీ అసలు పుట్టిల్లు ఇంగ్లీషు కూడా కాదండీ, జర్మనీ.

ఎరిక్ కేస్ట్నర్ అనే పిల్లల రచయిత కథ అది. నాజీలు 1933లో ఈయన పుస్తకాలు తగలబెట్టారు. 1942లో దీన్ని సినిమా కథగా రాస్తే, ఆ తర్వాత అసలు రాయడమే నిషేధించారు. చివరికి 1949లో నవలగా వచ్చింది. విడిపోయిన అమ్మానాన్నలు, ఒకరు మ్యూనిక్‌లో, ఒకరు వియన్నాలో. చెరో దగ్గర పెరిగిన కవల ఆడపిల్లలు వేసవి శిబిరంలో ఎదురుపడి, ఇళ్లు మార్చుకుంటారు. మిగతా కథ మనకి తెలిసిందే.

మరుసటి ఏడాదే యోసెఫ్ ఫాన్ బాకీ దాన్ని సినిమా తీశాడు. ఆ పాత్రలకి నిజం కవలలనే తీసుకున్నారు, యూటా గ్యుంటర్, ఈజా గ్యుంటర్. 1938లో పుట్టిన పిల్లలు, అప్పటికి 12 ఏళ్లు. డిస్నీ వాళ్లు హేలీ మిల్స్ ఒక్కతినే కెమెరా కిటుకుతో ఇద్దరిని చేశారు. మన కుట్టి పద్మిని కూడా ఒక్కతే రెండు వేషాలూ వేసింది, ఎంత ముద్దుగా వేసిందో! కానీ ఇద్దరు నిజం పిల్లలు ఒకరి మొహం ఒకరు చూసుకుని నిలబడటం వేరు కదా. 1951లో జర్మన్ ప్రభుత్వం సినిమా అవార్డులు మొదలుపెడితే, ఉత్తమ చిత్రంగా మొట్టమొదటి అవార్డు దీనికే వచ్చింది.

తర్వాత ఆ అక్కచెల్లెళ్లని కవలలుగానే వాడుకున్నారు. 'మొదటి ముద్దు' అని 1954లో ఒకటి, 'జిల్లర్టాల్ కవలలు' అని 1957లో ఇంకొకటి. కొండలూ పాటలూ ఉండే కాలక్షేపం సినిమాలు. విడివిడిగా వాళ్లెవరో చూడాలని ఎవరికీ తోచినట్టు లేదు. నాకు అదే కొంచెం గుచ్చుకుంది.

నవల మధ్యలో కేస్ట్నర్ కథ ఆపి ఒక మాట చెబుతాడు. షిర్లీ టెంపుల్ అనే చిన్నపిల్ల ప్రపంచమంతా పేరు తెచ్చుకుని, తను నటించిన సినిమా చూడబోతే పిల్లలు చూడకూడదని లోపలికి రానివ్వలేదట. నటించవచ్చు, చూడకూడదు! విడాకుల కథ పిల్లలకి చెప్పచ్చా అని అడిగేవాళ్లకి ఆయన జవాబది. అనుభవించేది పిల్లలైనప్పుడు వాళ్లకి చెప్పకపోతే ఎలా?

నాకు తొమ్మిదేళ్లప్పుడు మా పిన్నీ, బాబాయీ విడిపోయారు. పిన్ని కూతురూ నేనూ ఈ సినిమా చూసి, జ్వరం వచ్చిందని అబద్ధం రాసి బాబాయికి ఉత్తరం వేశాం. సినిమాలో పిల్లలు అమ్మానాన్నల్ని కలుపుతారు మరి. పోస్ట్‌మాన్ వచ్చే వేళకి వారం రోజులు అరుగు మీదే కూర్చున్నాం. బాబాయి రాలేదు, జవాబూ రాలేదు.

మొన్న పిన్ని మా ఇంట్లోనే ఉంది. సినిమా ఆఖరికి వస్తుండగా "పప్పు మాడుతుందేమో చూస్తా" అని లేచింది. పొయ్యి మీద పప్పు లేదు.