హైదరాబాదు ద్రాక్షపందిళ్లు

ద్రాక్ష చలిదేశపు తీగ. శీతకాలమున ఆకు రాల్చి నిద్రించి, వసంతమున చిగిర్చి, ఏడాదికి ఒక్కమారు ఫలించుట దాని స్వభావము. అట్టి తీగ దక్కను ఎండలలో పంటగా నిలిచిన కథ తెలిసికొనదగినది.

1327లో మహమ్మదు బిన్ తుగ్లకు ఢిల్లీనుండి దౌలతాబాదునకు రాజధానిని మార్చెను. కొన్నేండ్ల తరువాత ఇబ్న్ బతూతా యను యాత్రికుడు, ఆ పట్టణమున ద్రాక్షయు దానిమ్మయు ఏడాదికి రెండుమారులు కాయునని వ్రాసెను. దక్కనులో తీగను నిద్రపుచ్చునంతటి చలి లేదు. అందుచేత అది మరల మరల చిగిర్చును. కాని వానకాలపు కాపు పులిసి, కుళ్లి, అక్కరకు రాదు.

కనుక చలి చేయవలసిన పనిని రైతు కత్తెరతో చేసెను. ఏప్రిలులో కొమ్మలను ఒకటి రెండు కణుపులకు కోసి, ఆ కాపును విడిచి, తీగను మాత్రమే పెంచును. రాబోవు గుత్తులు ఆ వేసవి ఎండలోనే మొగ్గలలో రూపొందును. అక్టోబరులో మరల కత్తిరించినచో పూత వచ్చి, ఫిబ్రవరి మొదలు పండు చేతికందును. రెండు కత్తిరింపులు, ఒక్క పంట!

హైదరాబాదునకు కీర్తి తెచ్చిన రకము అనాబెషాహి. రాజద్రాక్ష యని దాని అర్థము. పంతొమ్మిదవ శతాబ్ది చివర అబ్దుల్ బాకర్ ఖాన్ దీనిని తెచ్చెనని చెప్పుదురు. లేత పసిమి రంగు, కోల కాయ, లోపల గింజలు, పందిరి వంగునంత కాపు దీని లక్షణములు. కలవారి తోటలనుండి ఇది నగర పరిసరములలోని రైతుల పందిళ్లకు వ్యాపించెను. అయితే దీనికి బూజు తెగులు బెడద ఎక్కువ. 

కాలిఫోర్నియాలో విలియం థామ్సన్ 1870 దశకమున ప్రచారమునకు తెచ్చిన గింజలేని ద్రాక్ష, తినువారికి సులువగుటచే క్రమముగా అంగళ్లను ఆక్రమించెను. నాసిక్, సాంగ్లీ ప్రాంతములు దానితో వృద్ధి చెందినవి. ఇచ్చట నగరము పెరిగి, భూమి వెల హెచ్చి, కూలి ఖర్చు మీదపడి, పందిళ్లున్న చోట్ల ఇండ్లు లేచినవి.

తీగను తిరిగి తెచ్చుకొనవచ్చును. విద్యను తెచ్చుకొనుట కష్టము. అక్టోబరు కత్తిరింపున అనాబెషాహికి తక్కువ కణుపులును, థామ్సనుకు ఎక్కువ కణుపులును ఉంచవలెను. థామ్సను తీగలో కాపునిచ్చు మొగ్గలు కొమ్మ పైభాగమున నుండును. ఈ లెక్కను చేతితో నేర్చిన పెద్దలున్న ప్రతి గ్రామమునందును గ్రంథాలయము వారి మాటలను వ్రాయించి భద్రపరచుట మేలు. గ్రంథములలోని విద్యయు ఒకనాడు ఎవరో చేతితో నేర్చినదే కదా!