సామానుకు వెల: విమానయానంలో ఒక ఆపద్ధర్మం చరిత్ర

విమానయానం ఆరంభమైన నాటినుంచి బరువుకు లెక్క ఉంది. 1920, 30 దశకాల్లో స్వల్పశక్తి గల ఇంజన్లతో ఎగిరిన విమానాల్లో ఎక్కదలచిన ప్రయాణికుణ్ణి అతని సామానుతో సహా త్రాసు మీద నిలబెట్టి తూచడం సర్వసాధారణం. ఆ తూకానికి ప్రేరణ ధనాపేక్ష కాదు, గాలిలో నిలవగల భారానికి ప్రకృతి విధించిన పరిమితి. 1929లో వార్సాలో కుదిరిన అంతర్జాతీయ ఒడంబడిక ఈ సామానుకు న్యాయప్రతిపత్తి కల్పించింది. అప్పగించిన పెట్టెకు సంస్థ రసీదు ఇవ్వాలనీ, అది పోయినా పాడైనా కిలోకు 250 బంగారు ఫ్రాంకుల మేరకు బాధ్యత వహించాలనీ నిర్దేశించింది. ఆ నియమాలను 1934 నాటి చట్టం ద్వారా మన దేశం కూడా స్వీకరించింది. బేగంపేట నుంచి డకోటాలు నడిపిన దక్కన్ ఎయిర్‌వేస్ కాలానికీ, 1953లో అది జాతీయీకరణలో విలీనమైన తరువాతి కాలానికీ ఒకే భావన వర్తించింది: టికెట్టు వెలలో మనిషితోపాటు అతని ప్రయాణానికి సముచితమైన సామాను కూడా ఇమిడి ఉంటుంది, ఆ మితి దాటితేనే అదనపు రుసుము.

ఈ భావన ఎంత బలంగా వేళ్లూనుకొన్నదో తెలియాలంటే అమెరికా చరిత్ర చూడాలి. అక్కడ నలభై ఏళ్ల పాటు ఛార్జీలను పౌర విమానయాన మండలి నిర్ణయించేది. వెలలో పోటీకి తావు లేనందువల్ల సంస్థలు భోజనంలో, ఆసనాల వెడల్పులో, మర్యాదలో పోటీపడేవి. ఆర్థికశాస్త్రవేత్త ఆల్‌ఫ్రెడ్ కాన్ ఆ మండలికి అధ్యక్షుడై నియంత్రణను సడలించడం మొదలుపెట్టిన తరువాత, 1978 అక్టోబరు 24న అధ్యక్షుడు జిమ్మీ కార్టర్ సంతకంతో నియంత్రణ తొలగింపు చట్టం అమలులోకి వచ్చింది. ఛార్జీలు పడిపోయాయి, ప్రయాణికుల సంఖ్య పెరిగింది, పాన్ ఆమ్ వంటి మహాసంస్థలు కాలక్రమంలో కూలిపోయాయి. అయినా మరి మూడు దశాబ్దాల వరకు పెద్ద సంస్థలేవీ మొదటి పెట్టెకు వెల కట్టే సాహసం చేయలేదు. చట్టం అడ్డు తొలగిన తరువాత కూడా ఆచారం అంతకాలం అడ్డు నిలవడం గమనార్హం. ప్రత్యర్థి ఉచితంగా మోస్తుండగా తాను మాత్రమే రుసుము అడిగితే ప్రయాణికులు తరలిపోతారన్న భయమే ఆ ఆచారానికి కాపలా కాసింది.

ఆ కాపలాను తొలుత దాటినది యూరప్. 2006లో ఫ్లైబీ, రయానెయిర్ అనే చౌకధరల సంస్థలు విమానపు అడుగు అరలోకి పంపే పెట్టెకు విడిగా రుసుము వసూలు చేయడం మొదలుపెట్టాయి. రయానెయిర్ తన నిర్ణయాన్ని ఆదాయం పేరిట సమర్థించుకోలేదు. జనం పెట్టెలు అప్పగించకుండా చేతిసంచితోనే వస్తే కౌంటర్లూ కూలీలూ తగ్గుతారనీ, ఆ ఆదాను ఛార్జీలో తగ్గిస్తామనీ చెప్పింది. ప్రయాణికుడి అలవాటును మార్చడమే లక్ష్యమైనప్పుడు రుసుము ఒక సాధనం మాత్రమే. ఈ వాదంలో నిజాయితీ లేదనలేము. ఒక్క సంచితో వారాంతానికి వెళ్లివచ్చే యువకుడు, నాలుగు పెట్టెలతో కదిలే కుటుంబపు సామాను ఖర్చును తన టికెట్టులో ఎందుకు భరించాలన్న ప్రశ్నకు సూటియైన సమాధానం లేదు. అమెరికాలో స్పిరిట్ సంస్థ 2007లో ఇదే బాట పట్టింది.

అయితే వ్యవస్థ రూపం మారినది 2008లో. ఆ ఏడాది జూలైలో ముడిచమురు పీపా ధర 147 డాలర్లను తాకింది. ఫిబ్రవరిలోనే యునైటెడ్ సంస్థ రెండవ పెట్టెకు 25 డాలర్ల రుసుము ప్రకటించగా, మే 21న అమెరికన్ ఎయిర్‌లైన్స్ ఒక అడుగు ముందుకు వేసి, జూన్ 15 నుంచి మొదటి పెట్టెకే 15 డాలర్లు వసూలు చేస్తామన్నది. కొద్ది వారాలలో యునైటెడ్, యూఎస్ ఎయిర్‌వేస్ దానిని అనుసరించాయి. ఇంధనం ఖర్చే సంస్థలను ముంచుతున్న ఆ రోజులలో ఈ చర్యను ఆపద్ధర్మంగా అర్థం చేసుకొన్నవారు తక్కువ కాదు. ఆపద మాత్రం ఆరు నెలలు కూడా నిలవలేదు. డిసెంబరు నాటికి చమురు 40 డాలర్లకు దిగువన ఉంది. అంతకు కొద్ది వారాల ముందే, నవంబరులో, డెల్టా సంస్థ మొదటి పెట్టెకు రుసుము ప్రకటించింది. వారం తిరిగేసరికి ఎయిర్‌ట్రాన్ అదే చేసింది. చమురు పతనమవుతున్న వేళ రుసుము విస్తరించడం, ఆ రుసుముకు ఇంధనం సందర్భమే కాని మూలకారణం కాదని తేల్చిచెబుతుంది.

డెల్టా, ఎయిర్‌ట్రాన్‌లు కూడబలుక్కొని ఈ పని చేశాయని 2009లో ప్రయాణికులు అట్లాంటాలోని ఫెడరల్ న్యాయస్థానంలో దావా వేశారు. ప్రత్యర్థి ముందడుగు వేస్తే తామూ వేస్తామని ఎయిర్‌ట్రాన్ యాజమాన్యం మదుపరుల సమావేశంలో బహిరంగంగా చెప్పడమే వారి ప్రధాన సాక్ష్యం. సంస్థలు ఎవరికి వారు స్వతంత్రంగా నిర్ణయించుకొన్నాయన్న వాదాన్ని తోసిపుచ్చడానికి తగిన ఆధారం లేదని 2017లో ఆ న్యాయస్థానమూ, 2018లో అప్పీలు న్యాయస్థానమూ భావించాయి. న్యాయదృష్టిలో కుట్ర రుజువు కాలేదు. చరిత్రకారుని దృష్టిలో మాత్రం ఇక్కడ కుట్ర అవసరమే లేదు. కొద్ది సంస్థలే మిగిలిన విపణిలో ఒకరినొకరు కనిపెట్టుకొని ఉండటమే చాలు, ముప్పై ఏళ్లు నిలిచిన ఆచారం ఆరు నెలలలో కూలడానికి.

రాబడి లెక్కలు ఈ మార్పు పరిమాణాన్ని చూపుతాయి. అమెరికా రవాణాశాఖ గణాంకాల ప్రకారం సామాను రుసుముల ద్వారా అక్కడి సంస్థలకు 2007లో వచ్చినది 46 కోట్ల డాలర్లు. 2008లో అది సుమారు 115 కోట్లు, 2009లో 270 కోట్లు, 2010లో 340 కోట్లు అయింది. కోవిడ్ ఏడాది 2020లో 280 కోట్లకు పడిపోయినా, 2023 నాటికి 700 కోట్లు దాటింది. 15 డాలర్లతో మొదలైన రుసుము రెండేళ్లలో 25, పదేళ్లలో 30, 2024లో 35 డాలర్ల స్థాయికి చేరింది. లాభనష్టాల గీతకు అటూ ఇటూ ఊగే పరిశ్రమలో ఇంత నిలకడైన రాబడిని వదులుకోమని ఏ యాజమాన్యాన్ని అడగగలం?

రుసుమును నిలబెట్టిన కారణాలు చమురులో కాక మరెక్కడో ఉన్నాయి. అమెరికాలో దేశీయ ఛార్జీ మీద 7.5 శాతం పన్ను ఉంటుంది. ఐచ్ఛికమైన సేవగా పరిగణించే సామాను రుసుము మీద ఆ పన్ను లేదు. కనుక ఒకే మొత్తాన్ని ఛార్జీ రూపంలో కంటే రుసుము రూపంలో రాబట్టడం సంస్థకు మేలు. అంతకంటే బలమైనది అంతర్జాలంలో టికెట్ల వెలలను పోల్చి చూపే పద్ధతి. అతి తక్కువ ధర ఉన్నదే పట్టికలో పైన కనిపించేటప్పుడు, వెలను రెండుగా చీల్చి చిన్న భాగాన్ని మాత్రమే పట్టికకు పంపడం ప్రతి సంస్థకూ అనివార్యమవుతుంది. ఇక మూడవది, నా దృష్టిలో అన్నిటికన్న దూరం చూసినది, క్రెడిట్ కార్డుల సంబంధం. తమ పేరిట బ్యాంకులు ఇచ్చే కార్డు తీసుకొంటే మొదటి పెట్టె ఉచితమని సంస్థలు ప్రకటించాయి. నిన్నటిదాకా అందరికీ ఉన్న సౌకర్యాన్ని తొలగించి, దానినే కానుకగా తిరిగి ఇచ్చే ఏర్పాటు ఇది.

ప్రయాణికునికి కలిగిన లాభనష్టాలను తూచేటప్పుడు తొందరపాటు కూడదు. జాన్ బ్రూక్నర్, ఆయన సహచరులు జరిపిన ఆర్థిక పరిశోధనలో, రుసుము విధించిన తరువాత ఛార్జీలు కొంత తగ్గిన మాట నిజమేననీ, ఆ తగ్గుదల రుసుము కంటే చిన్నదనీ తేలింది. పెట్టె అప్పగించని వానికి స్వల్పలాభం, అప్పగించిన వానికి మొత్తం మీద అధికవ్యయం అన్నమాట. ఆ రెండవ వర్గంలో ఉన్నదెవరు? సంస్థ డబ్బుతో తిరిగే ఉద్యోగి కాదు, తరచు ప్రయాణించి హోదా సంపాదించినవాడూ కాదు. పసిపిల్లల తల్లి, ఇల్లు మారుతున్న కుటుంబం, ఏడాదికొకసారి విమానమెక్కే వృద్ధులు. 2011 జూన్‌లో ఆఫ్ఘనిస్తాన్ నుంచి తిరిగివస్తున్న అమెరికన్ సైనికుల బృందం నుంచి నాలుగవ పెట్టెకంటూ డెల్టా 2,800 డాలర్ల దాకా వసూలు చేసిందన్న వార్త దేశమంతా పాకడంతో సంస్థలు సైనికుల విషయంలో నియమాలు సడలించాయి. అంతటి గళం లేనివారికి అటువంటి సడలింపు దొరకలేదు.

మరొక పరిణామం విమానం లోపలే జరిగింది. 1970 దశకం తొలినాళ్లలో బెర్నార్డ్ సాడో పెట్టెకు చక్రాలు అమర్చాడు. 1987లో రాబర్ట్ ప్లాత్ అనే పైలట్ దానిని నిలువుగా నిలబెట్టి లాగే పిడి తగిలించాడు. ఆ చక్రాల పెట్టె 2008 తరువాత రుసుము తప్పించుకొనే మార్గమై, తలపై అరలన్నిటినీ ఆక్రమించింది. అడుగు అరలో ఉండవలసిన పెట్టె పైఅరలోకి చేరినంత మాత్రాన విమానం మోసే బరువు తగ్గదు. తగ్గినది పెట్టెలు మోసే కూలీల పని, పెరిగినది ద్వారం దగ్గర తొక్కిసలాట. ఇంధనవాదానికి ఇంతకంటే బలమైన ఖండన లేదు. ఆ అరలకు కూడా వెల కట్టవచ్చునని గుర్తించిన స్పిరిట్, 2010 ఆగస్టు నుంచి పైఅరలో పెట్టే సంచికీ రుసుము విధించింది. ముందుగా ఎక్కే హక్కు అమ్మకపు సరుకైంది. మితి మీరిన సంచులను ద్వారం వద్ద పట్టుకొన్నందుకు ఫ్రాంటియర్, స్పిరిట్ సంస్థలు 2022, 2023 సంవత్సరాలలో 2.6 కోట్ల డాలర్లు సిబ్బందికి ప్రోత్సాహకంగా చెల్లించాయని 2024 నవంబరులో సెనేటు ఉపసంఘం వెల్లడించింది.

ఎంతవరకు ధర్మం అన్న ప్రశ్నకు స్పష్టమైన గీత గీసినది యూరప్ న్యాయస్థానం. కొరున్యా నగరం నుంచి ఆమ్‌స్టర్‌డామ్ వెళ్లిన కుటుంబం నుంచి రెండు పెట్టెలకు వూలింగ్ సంస్థ 40 యూరోలు తీసుకొన్నందుకు స్పెయిన్‌లోని స్థానిక అధికారులు జరిమానా విధించారు. 2014 సెప్టెంబరులో తీర్పు చెబుతూ ఆ న్యాయస్థానం, అప్పగించిన పెట్టెను మోయడంలో, భద్రపరచడంలో సంస్థకు ప్రత్యేక వ్యయం ఉంది గనుక విడిగా వెల కట్టవచ్చునన్నది. ప్రయాణికుడు వెంట ఉంచుకొనే సముచితమైన చేతిసంచి మాత్రం ప్రయాణంలో విడదీయరాని భాగం గనుక దానికి అదనం అడగరాదన్నది. ఇరువైపులా న్యాయం చేసిన తీర్పు ఇది. దాని రెండవ సగాన్ని పరిశ్రమ ఎంత తేలికగా తీసుకొన్నదో, పదేళ్ల తరువాత స్పెయిన్ ప్రభుత్వం చేతిసంచి రుసుముల వంటి పద్ధతుల మీద ఐదు సంస్థలకు 17.9 కోట్ల యూరోల జరిమానా వేయవలసి రావడమే చెబుతుంది.

మన దేశంలో ఈ కథ నెమ్మదిగా, నియంత్రణ సంస్థ పర్యవేక్షణలో నడిచింది. రైలులో స్లీపరు ప్రయాణికునికి 40 కిలోలు ఉచితమన్న నియమానికి అలవాటుపడిన జనానికి విమానంలో 20 కిలోలు అన్యాయంగా తోచలేదు. 2013లో సేవలను విడగొట్టి అమ్ముకొనే స్వేచ్ఛను ప్రభుత్వం ఇవ్వడంతో ప్రైవేటు సంస్థలు ఆ ఉచితపరిమితిని 15 కిలోలకు దించాయి. ఆ ఐదు కిలోల మీదే పోరు సాగింది. 15 నుంచి 20 కిలోల మధ్య బరువుకు కిలోకు 100 రూపాయలకు మించి తీసుకోరాదని పౌర విమానయాన డైరెక్టరేట్ 2016లో ఆదేశించగా, సంస్థలు ఢిల్లీ హైకోర్టుకు వెళ్లి 2017లో ఆ ఆదేశాన్ని కొట్టివేయించాయి. మరుసటి ఏడాదికే కౌంటరు దగ్గర కిలోకు 400 రూపాయలు కట్టవలసి వచ్చింది. 2021 ఫిబ్రవరిలో, పెట్టె లేకుండా వచ్చేవారికి రాయితీ టికెట్టు ఇచ్చేందుకు డైరెక్టరేట్ అనుమతించింది. ఉన్న ధరకు రుసుము కలపడం కంటే, లేని సామానుకు రాయితీ ఇవ్వడం మెరుగైన పద్ధతి అనిపిస్తుంది, ఆ రాయితీ నిజమైనదైతే.

తెలుగువారి వలసలకు ఈ కిలోల లెక్కతో గాఢమైన సంబంధం ఉంది. శంషాబాద్ నుంచి అమెరికాకు చదువుకు వెళ్లే పిల్లవాని సంసారమంతా 23 కిలోల చొప్పున రెండు పెట్టెలలో ఇమడాలి. ప్రెషర్ కుక్కర్, ఆవకాయ, కందిపొడి, పుస్తకాలు, దుప్పటి, అన్నీ తూకానికి లోబడాలి. అక్కడ దిగాక లోపలి ఊరికి వెళ్లే విమానం అదే టికెట్టులో ఉంటే అంతర్జాతీయ పరిమితే చివరిదాకా వర్తిస్తుంది. డబ్బు ఆదా అవుతుందని దానిని విడిగా కొన్నవాడు, అవే రెండు పెట్టెలకు దేశీయ రుసుము చెల్లించుకోవాలి. ఈ భేదం తెలియక నష్టపోయేది ప్రథమప్రయాణికుడే. కరీంనగర్, నిజామాబాద్ పల్లెల నుంచి గల్ఫ్‌కు వెళ్లిన కార్మికుని స్థితి మరింత కఠినం. రెండేళ్లకొకసారి ఇంటికి వచ్చే అతనికి ఆ పెట్టెలోనివి వస్తువులు మాత్రమే కావు, బంధువర్గమంతటి ముందు నెరవేర్చవలసిన బాధ్యతలు. వారం రోజుల కూలిని కౌంటరు దగ్గర కట్టాలో, కొన్న వస్తువులను అక్కడే వదిలిపెట్టాలో క్యూలో నిలబడి తేల్చుకోవలసిన ఆ మనిషికి, సేవలను విడగొట్టడం ప్రయాణికుని స్వేచ్ఛను పెంచిందన్న వాదం వర్తించదు. తేలికగా ప్రయాణించే స్వేచ్ఛ అతనికి ఏనాడూ లేదు.

సామాను రుసుముల ఈ ప్రవాహానికి అమెరికాలో ఎదురు నిలిచిన పెద్ద సంస్థ ఒక్కటే. టెక్సస్‌కు చెందిన సౌత్‌వెస్ట్, 2009 నుంచి పెట్టెలు ఉచితమన్న మాటనే ప్రచారనినాదంగా చేసుకొని, రెండు పెట్టెల దాకా రుసుము లేకుండా మోసింది. 2024 సెప్టెంబరులో మదుపరులకు అది తన లెక్క చూపింది: రుసుము పెడితే ఏటా 100 నుంచి 150 కోట్ల డాలర్లు వస్తాయి, కాని ప్రయాణికులు తరలిపోయి 180 కోట్లు పోతాయి. అప్పటికే ఎలియట్ అనే మదుపుసంస్థ పెద్దవాటా కొని యాజమాన్యం మీద ఒత్తిడి తెస్తోంది. ఆరు నెలలు తిరిగేసరికి, 2025 మార్చిలో, సౌత్‌వెస్ట్ తన మాటను విరమించుకొంది. మే 28 నుంచి కొన్న టికెట్లకు మొదటి పెట్టెకు 35, రెండవదానికి 45 డాలర్లు విధించింది. తరచు ప్రయాణించి హోదా పొందినవారికి, హెచ్చు ధర టికెట్టు కొన్నవారికి, సంస్థ క్రెడిట్ కార్డు ఉన్నవారికి మాత్రం మినహాయింపు ఇచ్చింది.