ఫ్యాక్టరీ గడప దాటిన రిపేరు

2000 చివర్లో ఐబీఎం అమెరికాలో అమ్మిన డిస్క్‌ఆన్‌కీ అనే పెన్‌డ్రైవ్‌లో పట్టింది 8 మెగాబైట్లే. దాన్ని తయారుచేసింది ఇజ్రాయెల్ కంపెనీ ఎం-సిస్టమ్స్. అదే ఏడాది సింగపూర్‌కు చెందిన ట్రెక్ కూడా థంబ్‌డ్రైవ్‌ను తెచ్చింది. ఎవరు ముందన్న తగవు కోర్టుకెక్కింది.

పెన్‌డ్రైవ్ పైతొడుగు విప్పితే ముఖ్యంగా కనిపించేవి రెండు చిప్‌లు. ఒకటి ఫ్లాష్ మెమరీ, రెండోది కంట్రోలర్. ఫ్లాష్‌లో చెరపడమంటే బ్లాకు బ్లాకంతా చెరపాల్సిందే. రాసేకొద్దీ అది అరుగుతుంది. ఏ డేటా ఎక్కడుందో, ఏ బ్లాకు పాడైందో కంట్రోలరే లెక్క రాసుకోవాలి. చిక్కేమిటంటే, చాలా డ్రైవుల్లో ఆ లెక్కా, కంట్రోలర్‌ను నడిపే ఫర్మ్‌వేర్‌లో చాలా భాగమూ అదే ఫ్లాష్‌లో ఉంటాయి. కాపీ అవుతుండగా డ్రైవ్ లాగేస్తే లెక్క చెడిపోవచ్చు. అప్పుడు సైజు సున్నా చూపిస్తుంది, లేదా డిస్క్ పెట్టమంటుంది. మామూలు ఫార్మాట్ అక్కడ పనిచేయదు.

మందు ఫ్యాక్టరీలోనే ఉంది. తైవాన్‌లోని ఫైసన్, సిలికాన్ మోషన్, ఆల్కార్ వంటి కంట్రోలర్ కంపెనీలు డ్రైవులు తయారుచేసేవారికి మాస్ ప్రొడక్షన్ టూల్ ఇచ్చేవి. మెమరీని పరీక్షించడం, పాడైన బ్లాకులను పక్కనపెట్టడం, ఫర్మ్‌వేర్ రాయడం, సైజూ పేరూ నింపడం దాని పని. కొన్నవారి కోసం చేసింది కాదది. అయినా బయటికొచ్చింది. రష్యాలో, చైనాలో రిపేరు చేసేవాళ్లు కంట్రోలర్ నంబరు వారీగా, వెర్షన్ వారీగా ఈ టూల్స్‌ను పోగుచేశారు. కంపెనీలు చేయాల్సిన సేవను వాళ్లు చేశారనే చెప్పాలి.

డ్రైవ్ అసలు పలకకపోతే మెమరీ చిప్‌లోని రెండు కాళ్లను సన్నని పట్టకారుతో కలిపి ఉంచి, కంప్యూటర్‌కు గుచ్చి, వెంటనే వదిలేస్తారు. ఫ్లాష్‌ను చదవలేని కంట్రోలర్ తనలోనే శాశ్వతంగా ఉన్న చిన్న ప్రోగ్రామ్‌తో మేల్కొంటుంది. టూల్ అప్పుడు దాన్ని గుర్తుపడుతుంది.

ఇవే టూల్స్‌తో 8 జీబీ డ్రైవును 64 జీబీగా చూపించి అమ్మిన మోసగాళ్లూ ఉన్నారు. 2014లో లాస్ వెగాస్ బ్లాక్ హ్యాట్ సదస్సులో భద్రతా పరిశోధకుడు కార్‌స్టెన్ నోల్ బృందం, ఫర్మ్‌వేర్ మారిస్తే పెన్‌డ్రైవ్ కీబోర్డులా నటించి కంప్యూటర్‌కు ఆదేశాలివ్వగలదని చూపించింది.

ఈ టూల్ బతికించేది డ్రైవును, అందులోని ఫైళ్లను కాదు. పని మొదలుపెట్టగానే బ్లాకులన్నీ చెరిపేస్తుంది. పెళ్లి ఫొటోలో, ఆఫీసు లెక్కలో అందులోనే ఉండిపోతే, టూల్ జోలికి వెళ్లకుండా ముందు డేటా రికవరీ చేసేవారికి చూపించండి.