సుమిత్రానందన్ పంత్ – కౌసానీ

కౌసానీ ఉత్తరాఖండ్‌లోని కుమావూ కొండల్లో, నేటి బాగేశ్వర్ జిల్లాలో ఉన్న చిన్న ఊరు. హిందీలో ఛాయావాద (కాల్పనిక కవిత్వ) కవి సుమిత్రానందన్ పంత్ 1900 మే 20న ఇక్కడే పుట్టాడు. పుట్టిన కొద్ది గంటలకే తల్లి కన్నుమూయడంతో నాయనమ్మ పెంచింది. ఇంట్లో పెట్టిన పేరు గోసాయీ దత్త్. అది నచ్చక పెద్దయ్యాక తానే మార్చుకున్నాడు. తండ్రి స్థానిక తేయాకు తోటలో ఉద్యోగి. దేవదారు అడవి, మబ్బు విడిచిన పూట ఎదురుగా బారులు తీరే త్రిశూల్, నందాదేవి మంచు శిఖరాలు: తల్లి లేని పిల్లవాడికి అవే తోడయ్యాయి. తనకు కవిత్వ ప్రేరణ మొదట ప్రకృతి నుంచే, ఈ కొండల నుంచే వచ్చిందని ఆయన స్వయంగా చెప్పుకున్నాడు.

చదువు కోసం అల్మోడా, కాశీ, అలహాబాద్ వెళ్లాడు. జీవితంలో ఎక్కువ భాగం మైదానాల్లోనే గడిచింది. అయినా ఆయన కవితా సంపుటి ‘పల్లవ్’ (1926) నిండా కొండవానలు, మబ్బులే. తర్వాత మార్క్స్, అరవిందుల వైపు మళ్లినా ఆ తొలి ప్రకృతి కవితలకున్న తాజాదనం వేరు. మన భావకవిత్వం చదివినవారికి అవి పరాయివిగా అనిపించవు.

1968లో ‘చిదంబర’ కవితా సంపుటికి జ్ఞానపీఠం లభించింది. 1977 డిసెంబరు 28న అలహాబాద్‌లో మరణించాడు. కౌసానీలోని చిన్ననాటి ఇల్లు ఇప్పుడు ఆయన పేరిట మ్యూజియం.