మూడు వందల అప్పు, పదహారు పంటలు



ఈసారి ఎండాకాలం సెలవుల్లో మాలో నలుగురం ఒక పని పెట్టుకున్నాం. ఇళ్లల్లో ఇనప పెట్టెల్లో, చూరుల్లో దాచిన పాత కాగితాలు తీసి చదవడం. శిస్తు రసీదులు, పట్టాలు, చెదలు తిన్న కోర్టు ఆర్డర్లు చాలా దొరికాయి. వాటిలో ఒకటి దగ్గర మాత్రం మేం ఆగిపోయాం. భద్రాచలం ఏజెన్సీలో మాలో ఒకరి ముత్తాత 1958లో వేలిముద్ర వేసిన తనఖా కాగితం అది.

అసలు 300 రూపాయలు. ఇచ్చింది మైదానం నుంచి వచ్చి ఊళ్లో దుకాణం పెట్టుకున్న షావుకారు. ఆయన పేరు ఇక్కడ రాయడం లేదు. ఆయన మనవలు పక్క ఊళ్లోనే ఉన్నారు, వాళ్లతో మనకేం తగాదా లేదు. కాగితంలో ఉన్నది మూడే ముక్కలు. చెరువు కింద మూడెకరాల పొలం షావుకారు స్వాధీనంలో ఉంటుంది. పండిన పంట వడ్డీ కింద పోతుంది. అసలు మొత్తం ఒకేసారి కట్టిన రోజున పొలం వదిలేస్తాడు.

అప్పు ఎందుకు చేశారని తాతను అడిగాం. అప్పటికి ఆయన పన్నెండేళ్ల పిల్లాడు. "మా అన్న పెళ్లికి. ఓలి ఇయ్యాల, ఊరికి బువ్వ పెట్టాల. ఒక్క పంట పోతే తీరుద్దిలే అనుకున్నడు మా అయ్య" అన్నాడు.

ఆ ఒక్క పంట మాట దగ్గరే మేం నోటుబుక్కు తీశాం.

తాత చెప్పిన ప్రకారం ఆ పొలం మంచి ఏడాదిలో ఇరవై బస్తాల వడ్లు ఇచ్చేది. కష్టం, విత్తనం, ఎడ్లు అన్నీ కలిపి సగం ఖర్చు కింద తీసేద్దాం. పది బస్తాలు నికరం. అప్పట్లో మూడు వందలకు పది పన్నెండు బస్తాల వడ్లు వచ్చేవట. అంటే మొదటి ఏడాది పంటతోనే షావుకారు ఇచ్చిన డబ్బు దాదాపు ఆయన ఇంటికి చేరింది. మామూలు లెక్కలో అయితే అక్కడితో అప్పు తీరిపోవాలి, లేదా కొసరు ఏదో మిగలాలి. కాగితం లెక్కలో మాత్రం మొదటి ఏడాది చివర అప్పు ఎంత? 300. ఐదో ఏడాది? 300. పదో ఏడాది? అదే 300. పంటంతా వడ్డీ కిందే పోతుంటే అసలు ఎట్లా తగ్గుతుంది?

మధ్యలో ఒకసారి తునికాకు డబ్బులు, ఎడ్లు అమ్మిన డబ్బులు కలిపి 150 తీసుకెళ్లి ఇచ్చారు. "మొత్తం తెచ్చినప్పుడే లెక్క" అన్నాడట షావుకారు. డబ్బులు మాత్రం ఉంచుకున్నాడు. రసీదు లేదు.

పొలం తిరిగి చేతికొచ్చింది 1974లో. ఈలోగా పోయినవి పదహారు పంటలు. కరువు ఏడాదులు తీసేసి కొంచెం తక్కువే వేసుకున్నా నూట ఇరవై, నూట ముప్పై బస్తాలు. పన్నెండు బస్తాల అప్పుకు. ఇంకో ఖర్చు ఈ బస్తాల్లో కూడా రాదు. ఆ పదహారేళ్లలో చాలా ఏళ్లు ముత్తాత తన పొలంలోనే షావుకారుకు పాలేరుగా దుక్కి దున్నాడు. తాత బడి మానేసింది ఆ ఇంట్లో పశువులు కాయడానికే. ఆ తాతకు చదువు వచ్చుంటే మా వాడి నాన్న జీవితం ఎట్లుండేదో, అది ఏ లెక్కల్లో వేయాలో మాకు తెలియలేదు. నోటుబుక్కులో ఆ గీత ఖాళీగానే వదిలేశాం.

ఇది ఒక్క ఇంటి కథ కాదని మీ అందరికీ తెలుసు. పొలం లేనోళ్లకు ఇంకో రకం ఉండేది. వానలకు ముందు, ఇంట్లో గింజ లేనప్పుడు ఒక బస్తా తెచ్చుకుంటే, పంట చేతికి రాగానే ఒకటిన్నర ఇవ్వాలి. తెలంగాణ వైపు దీన్నే నాగు అనేవాళ్లు. వినడానికి అర బస్తాయే కదా అనిపిస్తుంది. ఒక ఏడాది ఇవ్వలేకపోతే ఆ ఒకటిన్నరే అసలు అవుతుంది. రెండో ఏడాదికి రెండుంపావు, మూడో ఏడాదికి మూడు మీద చిల్లర, నాలుగో ఏడాదికి ఐదు. నాలుగు పంటలు తప్పితే ఒక బస్తా ఐదు బస్తాలు. పైగా తెచ్చుకునేది ధర ఎక్కువున్న నెలల్లో, ఇచ్చేది ధర పడిపోయిన నెలల్లో. కొలిచే కుంచం కూడా షావుకారుదే.

తనఖా పెట్టడానికి పొలమూ లేనోడు తన ఒంటినే పెట్టుకున్నాడు. విశాఖ ఏజెన్సీ, కొరాపుట్ వైపు దాన్ని గొత్తి అన్నారు, నిజాం రాజ్యంలో భగేలా అన్నారు. పద్ధతి మన కాగితానిదే. పొలానికి బదులు మనిషి. మనిషి చేసే పని వడ్డీ, అసలు అట్లానే ఉంటుంది. తండ్రి చనిపోతే కొడుకు మీదికి వస్తుంది. మద్రాసు ప్రభుత్వం ఏజెన్సీలో ఈ రుణ బానిసత్వాన్ని రద్దు చేస్తూ 1940లో రెగ్యులేషన్ తెచ్చింది. 1976లో దేశమంతటికీ వెట్టి చాకిరి రద్దు చట్టం రావాల్సి వచ్చింది. ముప్పై ఆరేళ్ల తర్వాత మళ్లీ అదే రద్దు చేయాల్సి వచ్చిందంటే మొదటిసారి ఎంత రద్దయిందో మీరే అనుకోండి.

ఇప్పుడు మమ్మల్ని నిజంగా కుదిపిన సంగతికి వస్తాం.

ఆ 1958 కాగితం, రాసిన రోజునే చెల్లదు.

భద్రాచలం తాలూకా అప్పట్లో తూర్పు గోదావరి జిల్లాలో ఉండేది, 1959లో ఖమ్మంలో కలిపారు. అంతకుముందు అది మద్రాసు ప్రెసిడెన్సీ ఏజెన్సీ. అక్కడ 1917 నుంచే ఒక చట్టం అమల్లో ఉంది. ఏజెన్సీ ప్రాంతాల వడ్డీ, భూమి బదిలీ చట్టం. అందులో రెండు సంగతులు మనం గుర్తుపెట్టుకోవాలి. మొదటిది, కొండజాతి మనిషి తన భూమిని ఇంకో కొండజాతి మనిషికి తప్ప వేరేవాళ్లకు ఇవ్వాలంటే ఏజెంటు లేదా ఆయన తరఫు అధికారి ముందుగా రాతపూర్వకంగా ఒప్పుకోవాలి. లేకపోతే ఆ బదిలీ చెల్లదు. అమ్మకమే కాదు, తనఖా కూడా బదిలీయే. రెండోది వడ్డీ గురించి. ఏడాదికి నూటికి 24 దాటకూడదు, వడ్డీ మీద వడ్డీ కూడదు, ఇంకే పక్కలాభమూ కూడదు. అన్నిటికన్నా ముఖ్యం, మొత్తం వడ్డీ ఎన్నేళ్లయినా సరే అసలును మించకూడదు.

ఆ చివరి ముక్క మళ్లీ చదవండి. 300 అప్పు తీసుకుంటే, పదేళ్లయినా యాభై ఏళ్లయినా, వడ్డీ 300 దగ్గర ఆగిపోవాలి. మొత్తం 600. దాన్ని వడ్లలో చూస్తే ఇరవై నాలుగు బస్తాలు. మూడో పంట దాటకుండానే ముత్తాత అప్పు తీరిపోయింది. మిగిలిన పదమూడు పంటలు చట్టం ప్రకారం ఆయనవే.

ఈ చట్టం మన మీద ప్రేమతో వచ్చింది కాదు. 1879లో రంప పితూరీ ఎందుకు లేచిందో ఆరా తీసినప్పుడు మన్సబుదారు వసూళ్లు, కల్లు మీద పన్నుతో పాటు షావుకార్ల సంగతీ బయటపడింది. మైదానంలో కోర్టు, అక్కడ దావా, సమన్లు కొండకు చేరవు, చేరినా చదివేవాడు లేడు. మనవాడు రాలేదని షావుకారు పక్షానే డిక్రీ. ఆ డిక్రీతో బంట్రోతులు వచ్చి ఎడ్లను తోలుకుపోతారు. అప్పులే పితూరీలు పుట్టిస్తాయని తెల్లోళ్లకు అర్థమయ్యాక కూడా ఆ చట్టం రావడానికి దాదాపు నలభై ఏళ్లు పట్టింది. వచ్చిన ఐదేళ్లకే 1922లో అల్లూరితో కలిసి మనవాళ్లు మళ్లీ లేచారు.

మరి చట్టం ఉండగా 1958లో కాగితం ఎట్లా రాశారు? మాకు దొరికిన జవాబు చాలా చిన్నది. ముత్తాతకు ఆ చట్టం ఉందని తెలియదు. కాగితం రాసినవాడికి తెలుసో లేదో చెప్పలేం. కాగితం చెల్లదని ఎవరైనా పోయి అధికారికి చెప్తేనే అది చెల్లకుండా పోతుంది, చెప్పేవాళ్లు లేకపోతే పొలం దున్నేవాడిదే. "అప్పు తీసుకున్నోడు కోర్టుకు పోతే రేపు ఉప్పు ఎవడిస్తడు?" అన్నాడు తాత. ఉప్పు, గుడ్డ, కిరసనాయిలు అన్నీ ఆ ఒక్క దుకాణం నుంచే. 1956లో గిరిజన సహకార సంస్థ పెట్టింది ఈ ముడి విప్పడానికే. డిపోలో సరుకు దొరికితే, అటవీ ఫలసాయం అక్కడే కొంటే, షావుకారు గడప ఎక్కే పని తగ్గుతుందని. కొన్ని చోట్ల తగ్గింది కూడా.

తర్వాతి చట్టాలు మీకు తెలిసినవే, తొందరగా చెప్పేస్తాం. 1959లో భూమి బదిలీ రెగ్యులేషన్, 1963లో అది తెలంగాణ ఏజెన్సీకి విస్తరించింది. 1970లో వన్ ఆఫ్ సెవెంటీ. దానితో నిరూపించే బరువు అటు మారింది. ఏజెన్సీలో గిరిజనేతరుడి చేతిలో ఉన్న భూమి గిరిజనుడి నుంచి వచ్చిందనే అనుకుంటారు, కాదంటే కాదని ఆయనే రుజువు చేసుకోవాలి. ముత్తాత కేసు వేసింది ఆ తర్వాతే. అప్పటికి ఊళ్లో పదో తరగతి చదివిన కుర్రాడు ఒకడున్నాడు, అర్జీ రాసింది అతనే. 1971లో ఇంకో సవరణ వచ్చింది. దాని గురించి మనలో ఎక్కువమందికి తెలియదు. సహకార సంఘాలకు, బ్యాంకులకు మాత్రం మన భూమిని స్వాధీనం ఇవ్వకుండా తనఖా పెట్టొచ్చు. అప్పు కట్టలేకపోయినా ఆ భూమిని గిరిజనులకో, గిరిజనుల సహకార సంఘానికో తప్ప అమ్మడానికి లేదు.

మంచి సవరణే. కాకపోతే బ్యాంకు మేనేజరు కుర్చీలోంచి చూడండి, కొనేవాళ్లు తక్కువున్న భూమి ఆయనకు గట్టి హామీ కాదు. అందుకే పెద్ద అప్పుకు ముఖం చాటేస్తారు. మనవాడు తిరిగి మందుల దుకాణానికే పోతాడు. విత్తనాలు, ఎరువులు, పురుగుమందులు అరువు, పత్తి గానీ మిర్చి గానీ ఆ దుకాణానికే తోలాలి, ధర ఆయన చెప్పిందే. లేదంటే తెల్ల కాగితం మీద రెండేళ్లో మూడేళ్లో కౌలు అని రాసి ముందే డబ్బు తీసుకోవడం. 1958 కాగితానికీ దీనికీ తేడా వెతికాం. రంగు తప్ప పెద్దగా కనపడలేదు.

ఇంకో సంగతి కూడా చెప్పాలి. ఇది చదివేవాళ్లలో కొందరికి ఉద్యోగాలు వచ్చాయి, వస్తున్నాయి, సంతోషం. ఖమ్మంలోనో హైదరాబాద్‌లోనో ఇల్లు కొనుక్కుందామని బ్యాంకు అప్పు గురించి మమ్మల్ని అడుగుతున్నారు. ఇది షావుకారు అప్పు లాంటిది కాదు. ఇక్కడ రసీదు ఉంటుంది, ప్రతి నెలా అసలు కొంతైనా తగ్గుతుంది, మొత్తం ముందే కట్టేయొచ్చు. అయినా ఆ నోటుబుక్కులోనే ఈ లెక్కా వేశాం. 20 లక్షలు, నూటికి 9 వడ్డీ, ఇరవై ఏళ్లు. నెల కిస్తీ దాదాపు 18 వేలు. మొదటి నెల ఆ 18 వేలలో 15 వేలు వడ్డీకే పోతాయి, అసలులో తగ్గేది 3 వేలు. పదేళ్లు ఒక్క నెల తప్పకుండా కట్టి, 21 లక్షల 60 వేలు ఇచ్చాక కూడా ఇంకా 14 లక్షల 20 వేలు బాకీ ఉంటుంది. చివరికి కట్టేది 43 లక్షల పైచిలుకు. వడ్డీ ఒక్కటే 23 లక్షలు, అసలు కంటే ఎక్కువ. 1917 చట్టం మన తాతలకు ఇచ్చిన ఆ గీత ఈ అప్పుకు లేదు.

అందుకని అప్పు వద్దని అనడం లేదు. ఇంటి అద్దె కూడా ఊరికే పోయే డబ్బే కదా. కానీ అధికారి "నెలకు 18 వేలే" అన్నప్పుడు మనం అడగాల్సింది మొత్తం ఎంత అని. ఏ నెల ఎంత అసలు, ఎంత వడ్డీ పోతుందో చూపించే పట్టిక ఇవ్వమని అడగండి, ఇస్తారు. మారే వడ్డీ అయితే రేటు పెరిగినప్పుడు కిస్తీ పెంచుతారా, నెలలు పెంచుతారా అడగండి. నెలలు పెంచితే మీకు తెలియకుండానే పంటలు పెరుగుతున్నట్టు. మొదటి ఏడాది చివర ఒక లక్ష అదనంగా అసలులోకి కట్టి కిస్తీ అంతే ఉంచితే, పై లెక్కలో చివరి 27 నెలలు తగ్గుతాయి. ఆ లక్ష పదిహేనో ఏడాది కడితే ఆ లాభంలో పెద్దగా ఏమీ మిగలదు. ముత్తాత తీసుకెళ్లిన 150 కూడా అసలులో జమ అయ్యుంటే ఆయన అప్పు ఎప్పుడు సగమయ్యేదో చూడండి.

మీ ఇళ్లల్లో ఇట్లాంటి కాగితాలు ఉంటే ఫొటో తీసి దాచండి, లామినేషన్ మాత్రం చేయించకండి, సిరా అంటుకుపోతుంది. సంవత్సరం, అసలు, పొలం ఎంత, ఎన్ని పంటలు పోయాయి, తిరిగి వచ్చిందా లేదా, ఇవి ఇంట్లో పెద్దవాళ్లను అడిగి మాకు రాయండి. పేర్లు అక్కర్లేదు. మా నోటుబుక్కులో ఇప్పటికి పదకొండు కాగితాలు ఎక్కాయి. వాటిలో ఏడు పొలాలు ఇంకా తిరిగి రాలేదు.